రేకులు తీసిన రోజు

జూన్ రెండో వారంలో జారమ్ ఊరికి పడమటి కొండ రంగు మారింది. బూడిదరంగు సేజ్ పొదల మీద ఎవరో తడి కంబళి ఆరేసినట్టు నల్లటి మరక ఒకటి కనిపించసాగింది. పొద్దున్నే పాలు పితికి బకెట్టు ఎత్తుకున్న తిర్జా టోలీ ఆ మరకను చూసి బకెట్టు మళ్ళీ కింద పెట్టేసింది. నిన్న అది కొండ నడుమున ఉంది. ఇవాళ పాదం దాకా దిగింది.

అవి నల్ల మిడతలు. ఒక్కోటి బొటనవేలంత ఉంటుంది. రెక్కలున్న జాతి కాదు, నడిచే వస్తాయి. రాత్రి చలికి పొదలు పట్టుకుని ముద్దగా పడి ఉంటాయి. ఎండ వేడెక్కిందంటే లక్షల కాళ్ళు ఒక్కసారిగా కదులుతాయి. దారిలో గోధుమ ఉంటే గోధుమ, ఉల్లి ఉంటే ఉల్లి, తీగ మీద ఆరేసిన చొక్కా ఉంటే చొక్కా తింటాయి. ఏదీ దొరక్కపోతే ముందు నడిచేదాన్ని వెనకది కొరుకుతుంది. అందుకే ఏదీ ఆగదు.

జారమ్‌లో ముప్పై కుటుంబాలు, అందరూ మోర్మన్లనే క్రైస్తవ శాఖవాళ్ళే. పశువుల బళ్ళలో మైదానాలు దాటి వచ్చినవాళ్ళ మనవలు, మునిమనవలు. తొలిరోజుల్లో ఉప్పు సరస్సు పక్కన వేసిన మొదటి పైరు మీద ఈ మిడతలే పడ్డాయనీ, జనం మోకాళ్ళ మీద పడి ప్రార్థిస్తే సరస్సు మీంచి తెల్లని సీగల్ పక్షులు గుంపులుగా వచ్చి వాటిని మింగేశాయనీ ఆ ఊళ్ళో ఉగ్గుపాలతోనే చెబుతారు. తిర్జా కూడా ఆ కథ వింటూనే పెరిగింది. అయితే ఏడో ఏట ఆమెకు కథలో చెప్పని సంగతి ఒకటి తెలిసింది. అప్పుడు వాళ్ళ నాన్నకు వేరే లోయలో మెట్ట చేను ఉండేది. మిడతలు వచ్చిన రోజు ఇంట్లో ప్రతి మనిషినీ గట్టు పొడుగునా నిలబెట్టి, తిర్జా చేతికి విల్లో బెత్తం ఇచ్చి, నీ ముక్క నువ్వు కాచుకో అన్నాడాయన. కొట్టినంతసేపు కొట్టింది. తర్వాత అవి గౌను కిందినుంచి పైకి ఎక్కాయి. ఎంత అరిచినా ఎవరి ముక్క దగ్గర వాళ్ళున్నారు, ఎవరూ రాలేదు. ఆ గాట్లు వారంలో మానిపోయాయి. అవి నమిలే చప్పుడు మాత్రం చెవుల్లోనే ఉండిపోయింది. ఇప్పుడామెకు ముప్పై నాలుగేళ్ళు. ఇప్పటికీ గడ్డివాములో ఎలుక గీరినా లేచి కూర్చుంటుంది.

ఆ ఏడు ఊరు ముందే జాగ్రత్తపడింది. మే నెల్లోనే జిల్లా పాలన చూసే కౌంటీవాళ్ళు ఇచ్చిన ఇనప రేకులు పడమటి పొలాల వెంట అర మైలు పొడుగున నిలువుగా పాతారు. నున్నటి రేకు ఎక్కలేక మిడతలు జారి పడతాయి, దాని వెంట పక్కకు నడిచి గుంటల్లో పడితే పూడ్చేస్తారు. రేకు తప్పించుకుని వచ్చేవాటి కోసం వెనకాల, గోధుమ చేలకూ ఇళ్ళకూ మధ్య, ఒక పొడి కాలువ తవ్వారు. అవసరమైతే లోయ మొదట్లో ఉన్న తూము ఎత్తి నీళ్ళు వదలాలి, నీటి మీద కిరసనాయిలు పోయాలి. పీపాలు కూడా తెచ్చి పెట్టారు. కానీ ఆ తూము ఊరికే ఎత్తేది కాదు. జారమ్‌లో ఒకడు పొరుగువాడి పెళ్ళాంతో పారిపోయి తిరిగొస్తే రెండేళ్ళలో సభలోకి రానిచ్చారు. వంతు కాని నీళ్ళు మళ్ళించినవాడి మనవణ్ణి మాత్రం ఈనాటికీ నీళ్ళదొంగ మనవడనే అంటారు. తూముకు గొలుసూ తాళమూ ఉన్నాయి. తాళంచెవి నీరుగంటి హైరమ్ డట్సన్ మెడలో ఉంటుంది, స్నానానికి కూడా తీయడంటారు.

పడమటి చివర, రేకులకు ఆనుకుని ఉన్నది తిర్జా మొగుడు వెర్ల్ చేను. నలభై ఎకరాల గోధుమ. కంకులు అప్పుడే పాలుపోసుకుంటున్నాయి.

సినిమావాళ్ళు దిగింది ఆ వారమే. మోర్మన్లను పడమటికి నడిపించుకొచ్చిన తొలి మతపెద్ద, వాళ్ళందరి పెద్దాయన మీద సినిమా తీస్తున్నారని పత్రికలు ఏడాదిగా రాస్తూనే ఉన్నాయి. ఊరు సంతోషించింది, భయపడింది కూడా. మనల్ని మనుషుల్లా చూపిస్తారో, తాతల నాటి బహుభార్యల ఆచారం పట్టుకుని పెళ్ళాల మందలున్న దెయ్యాల్లా చూపిస్తారో ఎవరికీ తెలియదు. అలాంటిది, సినిమా తరఫు మనిషి హార్క్‌నెస్ అనే ఆయన మెరిసే బూట్లతో ప్రార్థనా మందిరంలోకి వచ్చి, ఊరి మతపెద్ద బిషప్ ఓర్విల్ బైబీ పక్కన నిలబడి, చాలా మర్యాదగా మాట్లాడాడు. మిడతల ఘట్టం ఉందన్నాడు. స్టూడియోలో రబ్బరు పురుగులు చేయించామనీ, తెరమీద చూస్తే నవ్వొచ్చిందనీ చెప్పాడు. నిజం మిడతలు కావాలి, నిజం గోధుమ కావాలి, వాటిని కొట్టే నిజం మనుషులు కావాలి. మీ కథ ఇది, మీరుండగా వేరేవాళ్ళెందుకు అన్నాడు.

తర్వాత అసలు మాట చెప్పాడు. ఆ కాలంలో రేకులు లేవు కనుక కెమెరాకు రేకు కనపడకూడదు. ఒక్క పూట, చేను ముందు రెండు వందల గజాల రేకులు తీయాలి. మధ్యాహ్నానికల్లా మళ్ళీ పాతేస్తారు. పోయిన పైరుకు కంపెనీ పూచీ.

అప్పుడు వెర్ల్ లేచి నిలబడ్డాడు. మా చేను ఇస్తాం అన్నాడు. మా అమ్మమ్మ ఆ మొదటి పైరులో చీపురు పట్టుకుని నిలబడిన మనిషి, ఆవిడ పేరు నిలబెట్టే అవకాశం మా ఇంటికే వచ్చింది, కాదంటానా అన్నాడు. అందరూ చేతులెత్తి సరే అన్నారు. ఆడవాళ్ళ వరసలో కూర్చున్న తిర్జాకు ఆ సంగతి తెలిసింది కూడా అందరితోపాటే.

ఇంటికొచ్చాక ఆమె పాలలో రొట్టె తుంచుతూ అడిగింది. "నన్నొక మాట అడగాలనిపించలేదా?"

"అడిగితే వద్దంటావు."

"అంటాను. వద్దనే అంటాను. వెర్ల్, వాటి దారి ఒకసారి తెరిస్తే మూయడం మన చేతుల్లో ఉండదు."

"ఒక్క పూట, తిర్జా. ఊరంతా అక్కడే ఉంటుంది. బిషప్‌గారుంటారు. నీకు చిన్నప్పటి బెదురు, అంతే. బెదురుకి మందు నమ్మకమే."

పక్కగదిలోంచి అత్తగారు కెజాయా గొంతు వచ్చింది. ఆవిడకు ఎనభై దాటాయి, చూపు తగ్గింది గానీ చెవులు పనిచేస్తాయి. "మా అమ్మకి నమ్మకం గంపెడు ఉండేదిరా. అయినా ఆ పక్షులు వచ్చిన రోజు గురించి చెప్పేది గానీ, రాకముందు రోజుల గురించి అడిగితే లేచి వెళ్ళిపోయేది."

వెర్ల్ పాలగిన్నె ఖాళీ చేసి లేచాడు. మంచి మనిషే. ఒకరి మీద చెయ్యెత్తి ఎరగడు, కష్టపడతాడు. తనకు భయం లేనిచోట మరొకరికి ఉంటుందని మాత్రం ఊహించలేడు.

గురువారం పొద్దున ఏడింటికి రేకులు పీకారు. పీకినవాటిని లారీలో వేసి, కెమెరా చూపుకు అందకుండా కొండ మలుపు అవతలికి తోలారు. తిర్జా డ్రైవరు దగ్గరికి వెళ్ళి, లారీ ఎక్కడికీ కదలకూడదని చెప్పింది. అతను టోపీ తాకి, "అలాగేనమ్మా" అన్నాడు. ఆమె ఇంటికొచ్చి మూడేళ్ళ కూతురు ఇనను అత్తగారి దగ్గర కూర్చోబెట్టి, కిటికీ సందుల్లో గుడ్డలు కూరి, వెర్ల్ పాత ప్యాంటు గౌను కింద తొడుక్కుని చీలమండల దగ్గర పురికొసతో బిగించి కట్టింది. ఎప్పుడో ఏడో ఏట చేసి ఉండాల్సిన పని అది.

ఊరంతా వేషాల్లో ఉంది. ఆడవాళ్ళకు గడ్డం కింద ముడివేసే పాతకాలపు బోనెట్ టోపీలు, మగవాళ్ళందరికీ అంటించిన గడ్డాలు. అరవై మంది గడ్డాలవాళ్ళలో ఎవరు ఎవరో పోల్చుకోవడం కష్టమై పిల్లలు తండ్రులను వెతుక్కుంటున్నారు. పెద్దాయన వేషం వేసిన నటుడు మర్యాదస్తుడు. వరండాలో కూర్చున్న కెజాయా దగ్గరికి వచ్చి వంగి చెయ్యి కలిపాడు. మీరు చిన్నప్పుడు ఆయన్ని కళ్ళారా చూశారట కదా, నేనెలా ఉన్నాను అని అడిగాడు. ఆవిడ అతని ముఖం దగ్గరికి ముఖం పెట్టి చూసింది.

"ఇంకొంచెం తినాలి బాబూ నువ్వు" అంది.

అతను నవ్వాడు. తిర్జాకు కూడా నవ్వు రాబోయింది. కానీ ఆమె కళ్ళు రేకులు లేని ఖాళీ మీదే ఉన్నాయి.

ఎనిమిదింటికి మిడతలు వచ్చాయి గానీ, పది పన్నెండు చొప్పున, నిద్రమత్తులో ఉన్నట్టు. పొద్దుటి చల్లదనం ఇంకా పోలేదు. డైరెక్టరు బాకాలోంచి విసుక్కున్నాడు. ఇవేం మిడతలు, ఇంకా కావాలన్నాడు. హార్క్‌నెస్ పరుగున వచ్చి, ఇంకో వంద గజాలు తీద్దామా అని బిషప్‌ను అడిగాడు. బిషప్ వెర్ల్ వైపు చూశాడు, వెర్ల్ తల ఊపాడు. ఈసారి తిర్జా అడ్డు నిలబడి, వద్దు, ఎండ ఎక్కనివ్వండి, అవే వస్తాయి, అప్పుడు మీకు ఇవే ఎక్కువవుతాయి అని చెప్పింది. హార్క్‌నెస్ శ్రద్ధగా విన్నాడు, తల ఊపాడు, రేకులు పీకించాడు.

పదిన్నరకు ఆమెకు చప్పుడు వినిపించింది. ముందు గాలి అనుకుంది. కంకులు కదలడం లేదు. ఎండుటాకుల రాశిని ఎవరో మెల్లగా, అదే పనిగా పిసుకుతున్నట్టు ఉంది ఆ చప్పుడు. ఆమె పంగలకర్ర అందుకుంది.

కొండపాదం కదిలి వచ్చింది. మూడు వందల గజాల ఖాళీలోంచి నేల కనపడకుండా నల్లగా దిగి, చేలో దూరింది. పచ్చటి గోధుమ అంచు నుంచి లోపలికి ఒరిగిపోవడం మొదలైంది. డైరెక్టరు అరిచాడు, కెమెరాలు తిరిగాయి. జనం చీపుర్లతో, తడి గోనెలతో, పారలతో పరుగెత్తారు. మొదట్లో నవ్వులు వినిపించాయి. ఒకరి బోనెట్ మీద ఒకరు కొట్టుకున్నారు. ఐదు నిమిషాలు గడిచాక నవ్వులు ఆగిపోయాయి. ఎక్కడో ఒక ఆడమనిషి కేక పెట్టింది. పొరుగింటి లవోన్. బోనెట్ విసిరేసి గౌను దులుపుకుంటూ గుండ్రంగా తిరుగుతోంది. ఆ కేక ఎలాంటిదో తిర్జాకు తెలుసు. పరుగెత్తి వెళ్ళి ఆమెను చేలోంచి బయటికి లాగి, గౌను కిందినుంచి మిడతలను చేత్తో పీకి పారేసింది. ఒక్కోటి గుడ్డను పట్టుకుని వదలదు. లాగితే కాళ్ళు గుడ్డకే ఉండిపోతున్నాయి.

"అద్భుతం! అలాగే, అలాగే కానివ్వండి!" అంటున్నాడు డైరెక్టరు. ఎవరు నటిస్తున్నారో ఎవరు ఏడుస్తున్నారో ఆయనకు తేడా తెలియడం లేదు, తెలిసే అవసరమూ లేదు.

తర్వాత పక్షుల పంజరాలు తెరిచారు. ఉప్పు సరస్సు దగ్గర పట్టి రైల్లో తెచ్చిన సీగల్స్, నలభై దాకా ఉంటాయి. అవి రెక్కలు టపటపలాడిస్తూ పైకి లేవగానే చేలో ఉన్న జనమంతా చేతుల్లో పనులు ఆపి తలలెత్తారు. ముసలి డట్సన్‌లా కనిపించిన గడ్డం మనిషి ఒకడు మోకాళ్ళ మీద పడ్డాడు. ఎవరూ పడమని చెప్పలేదు. పక్షులు చేను మీద ఒక చుట్టు తిరిగాయి. ఇంకో చుట్టు తిరుగుతాయేమో అనుకున్నారు. అవి తూర్పుకు తిరిగి, సరస్సు ఉన్న దిక్కుకు, తిన్నగా ఎగిరిపోయాయి. ఒక్కటీ దిగలేదు.

జనం వాటిని కనుమరుగయ్యేదాకా చూశారు. అప్పుడు కమ్మిన నిశ్శబ్దంలో నమిలే చప్పుడు ఒక్కటే మిగిలింది. మిడతలు అప్పటికే సగం చేను దాటి వచ్చాయి. ముందువరస పొడి కాలువ వైపు సాగుతోంది. కాలువ దాటితే కూరగాయల మళ్ళు, ఇళ్ళు, ఆ వెనక ఊరి మొత్తం పొలాలు.

తిర్జా లారీ కోసం పరుగెత్తింది. కొండ మలుపు దాటేసరికి లారీ లేదు. అక్కడ కాపలా ఉన్న మనిషి, నటులకు ఐస్ తేవడానికి పట్నం వెళ్ళిందని చెప్పాడు. రేకులతోనే వెళ్ళిందా అంటే, దించమని ఎవరూ చెప్పలేదన్నాడు. పట్నం ఇరవై రెండు మైళ్ళు.

ఆమె వెనక్కి వచ్చేటప్పటికి జనం చేలోంచి బయటపడి ఒకచోట గుమిగూడి ఉన్నారు. గట్టు మీద నిలిపిన బండి చుట్టూ. బండి మీద ఆ నటుడు నిలబడి ఉన్నాడు. పొడుగు నల్లకోటు, గడ్డం, చేతిలో కర్ర. ఊళ్ళో ప్రతి ఇంటి గోడ మీదా ఉన్న బొమ్మలోని మనిషిలాగే ఉన్నాడు. అందరూ అతని ముఖంలోకి చూస్తున్నారు. చిన్నప్పటినుంచి ఆ రూపం ఏదో చెబితే విని ఎరిగిన జనం. ముందువరసలో బిషప్ బైబీ ఉన్నాడు. ఆయన తెలివైనవాడు, కరువులో ఊరిని కాచినవాడు. ఆయన అంటించుకున్న గడ్డం ఒకవైపు ఊడి వేలాడుతోంది.

"ఇప్పుడేం చెయ్యమంటారు?" అని అడిగాడు బిషప్, బండి మీదికి చూస్తూ.

నటుడు చేతికర్ర దించాడు. డైరెక్టరు వైపు చూశాడు, మళ్ళీ జనం వైపు చూశాడు. "అయ్యా, నాకు తెలీదండీ" అన్నాడు చాలా చిన్నగా. "నాకు రాసిచ్చింది ఇంతవరకే."

ఆ క్షణంలో తిర్జాకు పట్టుకున్న భయం మిడతలను చూస్తే పట్టుకునేదానికంటే పెద్దది. చెప్పేవాళ్ళు ఎవరూ లేరు. ఎవరో చెబుతారని అందరూ నిలబడి ఉన్నారు, అంతే. ఆమె జనంలో దూరి వెర్ల్ చెయ్యి పట్టుకుంది. అతని చేతిలో చీపురు పిడి మాత్రమే మిగిలింది. తన చేను వైపు చూస్తున్నాడు గానీ కళ్ళలో ఏమీ లేదు.

"డట్సన్ గారేడీ? తాళంచెవి కావాలి."

"ఏమో... ఇక్కడే..." అన్నాడు. ఆమె గట్టిగా పిలిచింది. గడ్డాలు అటూ ఇటూ తిరిగాయి. ఇందాక మోకరిల్లింది డట్సనే అనుకుని పట్టుకుంటే వేరే మనిషి. ఇంకోసారి పిలిచే వ్యవధి లేదు.

"వెర్ల్, నన్ను చూడు. కిరసనాయిలు పీపాలు కాలువ దగ్గరికి దొర్లించు. నీళ్ళు రాగానే పొయ్యి. వినిపించిందా?"

"ఇవాళ మన వంతు కాదు, తిర్జా" అన్నాడతను. అంత అయోమయంలోనూ ఆ మాటే వచ్చింది అతని నోట.

"ఇన ఇంట్లో ఉంది" అంది ఆమె. అప్పుడతను కదిలాడు.

తూము అర మైలు ఎగువన ఉంది. కాలువ గట్టు మీదుగా దారి, ఆ దారి నిండా అవే. ఆమె ఎవరో పడేసిన పార భుజాన వేసుకుని, తలగుడ్డ ముఖం చుట్టూ చుట్టుకుని, ఏటికి ఎదురీదినట్టు వాటికి ఎదురు నడిచింది. అడుగు వేస్తే పిక్కలదాకా చిటపటమంటూ ఎగిరి తగులుతున్నాయి. చెప్పుల కింద చితికి నేల జారుడుగా ఉంది, సగం కుళ్ళిన చేపల వాసన వేస్తోంది. వంద అడుగులు వెళ్ళేసరికి జారి ఒక మోకాలి మీద పడింది. చేతులు నేలకు ఆనాయి. అవి మణికట్టు మీదికి, మోచేతి మీదికి ఎక్కాయి. ఆమె గొంతులోంచి ఏదో శబ్దం వచ్చింది, అది తనదేనని ఆమెకు తెలియలేదు. ఏడో ఏట కూడా ఇలాగే కదలకుండా ఉండిపోయింది. ఇప్పుడూ ఉండిపోవాలనిపించింది. కళ్ళు మూసుకుని, ఎవరైనా వచ్చేదాకా.

లేచింది. మళ్ళీ నడిచింది. తలగుడ్డలో ఒకటి దూరి చెవి దగ్గర గీకుతోంది. దాన్ని తీయడానికి ఆగితే మళ్ళీ నడవలేనని తెలిసి, దాన్ని అలాగే ఉండనిచ్చింది. ప్రార్థన మొదలుపెడితే మాటలు గుర్తు రాలేదు. ఇన పేరు ఒక్కటే గుర్తుంది. అదే అంటూ నడిచింది.

తూము దగ్గర గొలుసు, తాళం. పారతో కొట్టింది. పార పిడి విరిగింది. గట్టు మీదున్న రాయి రెండు చేతులా ఎత్తి కొట్టింది, పదిసార్లో ఇరవైసార్లో. వేళ్ళ మధ్య రక్తం కారి రాయి జారుతోంటే గౌనుకు తుడుచుకుని మళ్ళీ కొట్టింది. తాళం తెరుచుకోలేదు. గొలుసు బిగించిన కొక్కెం ఊడొచ్చింది. తూము పలకను పట్టుకుని తన బరువంతా వేసి పైకి లాగింది. ముందు బురద, తర్వాత నీళ్ళు, పెద్ద చప్పుడుతో పొడి కాలువలోకి పడ్డాయి.

ఆమె తూము పక్కన కూర్చుండిపోయి, తలగుడ్డ విప్పి, చెవి దగ్గరున్నదాన్ని తీసి నలిపేసింది.

నీళ్ళు వెళ్ళేసరికి కొన్ని వేల మిడతలు కాలువ దాటేశాయి. మిగతావి వచ్చి నీళ్ళలో పడసాగాయి. వెర్ల్ కిరసనాయిలు పోశాడు, దాంతో పడినవి ఈదలేక మునిగాయి. కానీ వెనకాలవి ఆగవు కదా. చచ్చినవాటి మీదుగా బతికినవి నడిచి వంతెన కట్టుకుంటున్నాయి. ఆ వంతెనలను పంగలకర్రలతో తెంపుతూ ఊరంతా కాలువ పొడుగునా నిలబడింది. మగవాళ్ళ గడ్డాలు ఒక్కొక్కటే చెమటకు ఊడిపోయాయి. ఆ నటుడు కోటు విప్పేసి సాయంత్రం దాకా గడ్డంతోనే పంగలకర్ర పట్టాడు. ఎవరూ అతని ముఖంలోకి చూడలేదు. ఇంటి గోడ మీదికి పాకినవాటిని కెజాయా వరండాలోంచి చప్పుడునుబట్టి చేతికర్రతో కొడుతూ, లోపల ఏడుస్తున్న మనవరాలికి బిగ్గరగా పాట పాడుతూనే ఉంది.

పొద్దు వాలి చల్లబడ్డాక మిడతలు ఎక్కడివక్కడ పొదలకు అంటుకుని ఆగిపోయాయి. లారీ వచ్చింది. రేకులు పాతారు. ఊరు నిలిచింది. వెర్ల్ చేలో మాత్రం కొయ్యకాళ్ళు కూడా లేవు, దువ్వినట్టు నేల కనిపిస్తోంది.

వెళ్ళేముందు హార్క్‌నెస్ తిర్జా దగ్గరికి వచ్చాడు. అతని బూట్లు ఇప్పుడు మెరవడం లేదు. మీరు గట్టు మీద నడవడం దూరంనుంచి కెమెరాకు దొరికిందనీ, తాము పొద్దుటినుంచి తీసినదానిలో అదే అన్నిటికంటే బాగుందనీ, కానీ ఆ కాలపు ఆడవాళ్ళు తొడగని ప్యాంటు గౌను కింద కనపడుతోంది కనుక పనికిరాదనీ చెప్పాడు. కంపెనీ మాట తప్పదని, పైరు సంగతి చూసుకుంటామని అన్నాడు. చూసుకున్నారు కూడా, అది వేరే సంగతి.

మర్నాడు డట్సన్ వచ్చాడు. ఆయన కూర్చోలేదు.

"తాళం తెరవాలంటే నా దగ్గరికి రావాలి, సిస్టర్ టోలీ. రాయితో కొట్టడం కాదు."

"మీ కోసం పిలిచాను. అరవై గడ్డాల్లో మీదేదో నాకు తెలీలేదు."

ఆయన టోపీ తీశాడు. "పిలిచావు. వినిపించింది" అన్నాడు. "నా కాళ్ళు రాలేదు." ఆ తర్వాత ఆదివారం సభలో నీళ్ళ మాట ఎవరూ ఎత్తలేదు. డట్సనే లేచి, ఆ రోజు తూము తానే తెరవమన్నానని చెప్పాడు. సభలో అబద్ధం చెప్పడం ఆయనకు అదే మొదలు. అందరికీ తెలుసు, ఎవరూ కాదనలేదు.

వెర్ల్ ఆ వేసవంతా ఖాళీ చేను చుట్టూ తిరిగాడు. అక్టోబరులో ఒక రోజు చేనుగట్టు మీద కూర్చుని కత్తితో నేల గీకుతున్నాడు. తిర్జా వెళ్ళి పక్కన కూర్చుంది. అతను మట్టిపెళ్ళ విరిచి అరచేతిలో చూపించాడు. బూడిదరంగు గింజలు, వడ్లగింజల్లా సన్నగా, గుప్పెడు మట్టిలోనే పాతిక దాకా ఉన్నాయి. మిడతల గుడ్లు. నలభై ఎకరాల్లో ఎక్కడ గీకినా ఉన్నాయి. అవి చేనును తినడమే కాదు, పోయేముందు చేనంతా విత్తి పోయాయి.

"రాత్రిళ్ళు అవి నేలలో కదులుతున్నట్టు వినిపిస్తుంది నాకు. గుడ్లు కదలవని తెలుసు. అయినా వినిపిస్తుంది" అన్నాడు వెర్ల్. ఆమె ముఖంలోకి చూడకుండా, "నీకు ఇన్నేళ్ళూ ఇలాగే ఉండేదా?" అని అడిగాడు.

ఆమె ఉండేదని చెప్పింది. అతను తల ఊపాడు. ఆ మర్నాటినుంచి మంచు పడేదాకా ఇద్దరూ నేలను లోతుగా దున్నారు, గుడ్లు పైకి వచ్చి చలికి చావాలని. ఆ శీతాకాలంలో సినిమా పట్నానికి వచ్చినప్పుడు ఊరంతా బళ్ళు కట్టుకుని వెళ్ళింది. వాళ్ళిద్దరూ వెళ్ళలేదు. మిడతల ఘట్టం బాగా కుదిరిందనీ, పక్షులు తెరనిండా దిగాయనీ, ఎలా చేశారో గానీ తన కళ్ళవెంట నీళ్ళు వచ్చాయనీ బిషప్ బైబీ వచ్చి చెప్పాడు. చెబుతూ చెబుతూ మధ్యలో ఆగి, వెర్ల్, నీ చేను ఎప్పుడు మొలుస్తుందంటావు అని అడిగాడు. ఆయన అడిగింది గోధుమ గురించి కాదని ముగ్గురికీ తెలుసు.

ఏప్రిల్ మొదట్లో నాలుగు రోజులు వరసగా ఎండ కాసింది. ఐదో రోజు పొద్దున తిర్జా చేనుగట్టుకు వెళ్ళి చూసింది. దున్నిన చోట చాలావరకు ఏమీ లేదు. నాగలి పడని మూల ఒకటుంది, రాళ్ళ గుట్ట పక్కన. అక్కడ నేల మీద మిరియాలు చల్లినట్టుంది. ఆమె వంగింది. మిరియాలు గెంతాయి.

ఆమె వెర్ల్‌ను పిలిచింది. అతను వచ్చి చూసి, రేకులు తేవడానికి బండి కట్టేందుకు వెళ్ళాడు. బిషప్‌కూ డట్సన్‌కూ కబురు చెప్పమని ఆమె వెనకనుంచి కేకేసింది. అతను తిరిగి వచ్చేదాకా ఆమె ఆ మూల దగ్గరే నిలబడింది, వాటి మీదనుంచి చూపు తిప్పకుండా.